కుడి తెడ్డు

ఆఫీసు క్యాంటీన్, కిటికీ పక్క బల్ల
సోమవారం

ఒరేయ్ స్క్రూడ్రైవర్,

ఫోన్‌లో అయితే మనిద్దరం మూడో మాటకే కొట్టుకుంటున్నాం కాబట్టి ఇకమీదట కాగితం మీదే మాట్లాడుకుందామని పోయినసారి నువ్వే అన్నావు. సరే, నేనే మొదలుపెడుతున్నాను. కాగితం మీద అయితే నువ్వు మధ్యలో అడ్డం రాలేవు. నాకు ఆ సుఖం చాలు.

మా ఆట విడుదలైంది. పేరు "ఏటి దారి". ఒక పడవవాడు ఉంటాడు, ఏటి మీద మనుషుల్ని దాటిస్తుంటాడు. కంట్రోలర్ మీద ఎడమ బొటనవేలు ఎడమ తెడ్డు, కుడి బొటనవేలు కుడి తెడ్డు. ఎంత మెల్లగా నొక్కితే తెడ్డు అంత మెల్లగా నీళ్లు తోస్తుంది, గట్టిగా నొక్కితే పడవ ఉరుకుతుంది. తుపాకులు లేవు, తన్నులాటలు లేవు. నీకు నచ్చదు.

మా ముందు ఆట గతి నీకు తెలుసు. విడుదలైన మర్నాటికే దొంగ కాపీ ఊరంతా పాకింది. ఆఖరికి మా ఆఫీసులో బొమ్మలు గీసే అబ్బాయికీ, సంగీతం చేసే ఆవిడకీ ఉద్యోగాలు పోయాయి. ఆవిడ తన బల్ల సర్దుకుంటూ, వచ్చే దారిలో బస్సులో ఎవరో తన పాటే పెట్టుకుని ఆడుతున్నారని చెప్పి నవ్వింది. ఆ నవ్వు చూడలేకే నేను ఈ తాళాల పనికి మారాను. నువ్వు "తాళాలక్క" అని ఎంత వెక్కిరించినా నాకు పర్వాలేదు.

ఈసారి రెండు తాళాలున్నాయి. మొదటిది అందరికీ తెలిసిందే. ఆట పెట్టినప్పుడూ, ఆడుతుండగా మధ్యమధ్యలోనూ అది నెట్ ద్వారా కంపెనీని అడిగి, కొన్నదో కాదో తేల్చుకుంటుంది. రెండోది లోపల ఉంది. దాని సంగతి ఎవరికీ చెప్పనని సంతకం పెట్టాను. ఆలోచన నాదే, అందుకని చెప్పాలని నాలుక పీకేస్తోంది కానీ చెప్పను.

మరదలి చెయ్యి ఎలా ఉంది? కుట్లు తీశారా?

నీ అక్క

---

రిపేరు షాపు, వెనక గది
శనివారం

తాళాలక్కా,

నీ ఆట కొన్నాను. అవును, కొన్నాను. కళ్లు నులుముకుని ఇంకోసారి చదువుకో. అట్టపెట్టె, రసీదు, అన్నీ ఇక్కడే షెల్ఫులో ఉన్నాయి. ఒకప్పుడు నా షాపులో కాపీలు నింపి ఇచ్చేవాడినని నువ్వు ఊరూవాడా చాటావు కాబట్టి ఈ సంగతి కూడా అంతే గట్టిగా చాటు.

కొన్నది నాకోసం కాదు, మీ మరదలి కోసం. కుట్లు తీసేశారు. బేకరీలో అద్దం తలుపు పగిలి కుడి బొటనవేలి కింద తెగిందని చెప్పానుగా, అక్కడి నరాలు అతుక్కున్నాయని డాక్టరుగారు అన్నారు. ఇక కదిలించడమే మందు. ఫిజియో అమ్మాయి ఒకతె వస్తోంది. రబ్బరు బంతి ఇచ్చి నొక్కమంటే మీ మరదలు రెండు సార్లు నొక్కి పక్కన పారేసేది. "ఇదేం పని, పిల్లలాటలా," అని విసుగు. కేకు మీద క్రీముతో పేర్లు రాసే చెయ్యి అది. సన్నగా, సమంగా, ఎక్కడా తెగకుండా రాసేది. బంతి నొక్కమంటే చిన్నతనంగా ఉండదూ?

నీ ఆట సంగతి చెబితే ఫిజియో అమ్మాయి ఎగిరి గంతేసింది. మెల్లగా నొక్కడం, గట్టిగా నొక్కడం, అదే కావాలంది. బేకరీ యజమాని మంచివాడు, ఆవిడ చోటు ఇంకా ఎవరికీ ఇవ్వలేదు. చెయ్యి మునుపటిలా అయితే వెనక్కి వెళ్తుంది. మా ఇంట్లో ఇప్పుడు మాట్లాడుకునేదంతా ఆ ఒక్క సంగతే.

ఇక నీ మొదటి తాళం గురించి. మా పడకగదిలో నెట్ వస్తుంటుంది, పోతుంటుంది. పోయినప్పుడల్లా ఆట ఆగిపోయి "మీ కొనుగోలు నిర్ధారించలేకపోతున్నాం" అని తెర మీద పెడుతుంది. నిన్న ఏటి మధ్యలో అలా రెండు సార్లు బయటికి తోసేసింది. మీ మరదలు కంట్రోలర్ ఒళ్లో పెట్టుకుని ఏడ్చింది అక్కా. డబ్బిచ్చి కొన్న మనిషిని గుమ్మంలో నిలబెట్టి జేబులు తడుముతారా? దొంగ కాపీ తెచ్చుకున్నవాడికి ఈ బాధే లేదు, వాడు హాయిగా ఆడుకుంటున్నాడు. నీ తాళం కొన్నవాళ్లకే పడుతోంది.

నీ తమ్ముడు

---

ఆఫీసు క్యాంటీన్
బుధవారం

ఒరేయ్,

మరదలు నా ఆట ఆడుతోందని చదివి బల్ల మీద తల పెట్టేసుకున్నాను. పక్క సీటావిడ ఒంట్లో బాగాలేదా అని అడిగింది. తెడ్డు నొక్కుడు సరిచేయడానికి నేను నెలల తరబడి కూర్చున్నాను. వేలు ఎంత కదిలితే నీళ్లు అంత కదలాలని మా వాళ్లతో పోట్లాడాను. అది ఒక మనిషి చేతికి పనికొస్తుందని కలలో కూడా అనుకోలేదు. మరదలితో చెప్పు, ఆ ఆటలో తెడ్డు అబద్ధం ఆడదు. ఎంత నొక్కితే అంతే చూపిస్తుంది.

నెట్ సంగతికి నన్ను తిట్టు, పడతాను. కొన్నవాళ్లకి విసుగని నేనూ ఇక్కడ చెప్పాను. కానీ తాళమే వద్దంటే ఎలా? ఆ సంగీతం చేసినావిడ ఇప్పుడు ఏదో బడిలో పిల్లలకి పాటలు చెబుతోంది. దొంగ కాపీలవాళ్లందరూ హాయిగా ఆడుకుంటుంటే ఆవిడ ఇంటికి వెళ్లింది. నీ షాపులో ఎవరైనా ఫోను ఎత్తుకుపోతే ఊరుకుంటావా? కాపీ చేస్తే వస్తువు పోదుగా అంటావు, నాకు తెలుసు. వస్తువు పోదురా, మనుషులు పోతారు.

నెట్ కాస్త బాగుచేయించు. నువ్వే రిపేరువాడివి, మళ్లీ నాచేత చెప్పించుకుంటావు.

అక్క

---

రిపేరు షాపు
ఆదివారం

అక్కా,

నెట్ గొడవ తీరిపోయింది. ఇప్పుడు ఆట ఎక్కడా ఆగడం లేదు. ఎలా అని అడగకు, మా వృత్తి రహస్యం మాకూ ఉంటుంది. నీకొక్కదానికేనా సంతకాలు?

మీ మరదలు ఇప్పుడు మంచం దిగకుండా ఏరు దాటుతోంది. ఒక ముసలమ్మని, రెండు మేకల్ని, పెట్టె మోసుకొచ్చే ఒక టీచరుని దాటించిందట. ఆ టీచరు నీలాగే మాట్లాడుతుందంటుంది. నేను ఒప్పుకున్నాను. నిన్న పొద్దున లేచి కంట్రోలర్ పక్కన పెట్టి, పిండి కలిపి ప్లాస్టిక్ కవరులో పోసి, కొస కత్తిరించి, పళ్లెం మీద నా పేరు రాసింది. అక్షరాలు వణికాయి కానీ ఎక్కడా తెగలేదు. ఆ పళ్లెం నేను కడగనివ్వలేదు. ఫిజియో అమ్మాయి పట్టు కొలిచే మెషిన్ తెచ్చి నొక్కించి, ఇలాగే సాగితే త్వరలో బేకరీకి వెళ్లొచ్చు అంది.

నీకు ఎప్పుడూ చెప్పలేదు కానీ చెబుతున్నాను. నువ్వు మంచి ఆట చేశావు.

తమ్ముడు

---

రిపేరు షాపు
గురువారం

అక్కా,

నీ జవాబు రాకముందే మళ్లీ రాస్తున్నాను. నాకేం పాలుపోవడం లేదు.

నాలుగు రోజుల నుంచి మీ మరదలి కుడి తెడ్డు లాగడం లేదు. మొదట ఏదో అలసట అనుకున్నాం. తర్వాత పడవ కుడివైపుకే తిరగడం మొదలైంది. ఎడమ తెడ్డు నీళ్లు తోస్తుంది, కుడిది ఊరికే తడుపుతుంది. రోజు రోజుకీ ఎక్కువవుతోంది. వేలు తెల్లబడేదాకా నొక్కుతోంది, అయినా కదలదు. నిన్న ఏటి మధ్యలో పడవ గుండ్రంగా తిరుగుతుంటే కంట్రోలర్ కింద పెట్టేసి, "అయిపోయిందండీ. మళ్లీ పోతోంది నా చెయ్యి," అంది. ఏడవలేదు. ఏడ్చినా బాగుండేది.

పిండి కలిపి రాయమంటే రాయనంటోంది. భయం. "చూడకుండా ఉంటేనే నయం" అంటోంది. ఫిజియో అమ్మాయి మెషిన్ పెట్టి చూసి పట్టు బాగానే ఉందంది. కొంచెం తగ్గింది కానీ మీరు భయపడి సరిగ్గా నొక్కడం లేదంది. మీ మరదలు నమ్మదు. "ఆ మెషిన్ ఒక్కసారి నొక్కితే చెబుతుంది, ఈ ఆట రోజంతా చూస్తోంది నన్ను," అంటోంది.

ఆటలో ఏమైనా తప్పుందా అక్కా? ఉంటే చెప్పు. ఉండాలని దణ్ణం పెట్టుకుంటున్నాను.

తమ్ముడు

---

ఆఫీసు మెట్ల మీద నుంచి

ఒరేయ్,

ఒక్క మాట అడుగుతాను, కోపం తెచ్చుకోకు. మీ దగ్గరున్న ఆట కొన్నదేనా?

వెంటనే రాయి.

అక్క

---

రిపేరు షాపు

అక్కా,

కొన్నదే. రసీదు జిరాక్సు ఈ కవరులోనే పెట్టాను, భూతద్దం పెట్టి చూసుకో.

నా పెళ్లాం చెయ్యి చచ్చుబడిపోతోందని నేను ఏడుస్తుంటే నీకు నీ అమ్మకాల గోల. ఒకప్పుడు ఎప్పుడో కాపీలు ఎక్కించానని చచ్చేదాకా నేను దొంగనేనా నీకు? నిన్ను అడిగింది ఆట గురించి. నువ్వు అడిగింది నా నిజాయితీ గురించి. తల కొట్టేసినట్టయింది.

నీకు తెలియకపోతే పోనీ, నేనే తేల్చుకున్నాను. మా షాపులో ఒక పద్ధతుంది. వస్తువు మీద అనుమానం వస్తే పాతదంతా పక్కన పెట్టి కొత్తగా మొదలుపెట్టి చూడాలి. కంట్రోలర్ మార్చాను. నా పేరుతో ఆట మొదటి నుంచి పెట్టి సాయంత్రమంతా ఆడాను. రెండు తెడ్లూ బ్రహ్మాండంగా లాగాయి. మీ మరదలు పక్కనే కూర్చుని చూసింది. నేను ఏరు దాటేసరికి లేచి లోపలికి వెళ్లిపోయింది.

తప్పు ఆటది కాదు. చేతిదే. నాకిప్పుడు జవాబు దొరికింది, నువ్వు కష్టపడనక్కర్లేదు.

---

ఆఫీసు క్యాంటీన్
శుక్రవారం

తమ్ముడూ,

క్షమించు. అడగాల్సింది కాదు. రసీదు చూశాక ఊపిరి పీల్చుకున్నాను. ఎందుకో చెప్పలేను కానీ పెద్ద బరువు దిగింది. నీ మీద అనుమానంతో అడగలేదు. ఇంతకంటే రాయడానికి వీల్లేదు.

కొన్న ఆటలో ఏ లోపమూ లేదు. ఇది తాళాలక్క మాట కాదు, ఆ తెడ్డు చేసిన మనిషి మాట. మళ్లీ పరీక్ష కూడా చేసి చూశాను. ఎంత నొక్కితే అంతే. కాబట్టి ఆలస్యం చేయకు, మరదలిని పెద్ద డాక్టరుకి చూపించు. ఫిజియో అమ్మాయి చిన్నది, తనకి ఎంత తెలుస్తుంది? రోజూ ఆడే చేతిలో తేడా వస్తే ఆ మెషిన్ కంటే ముందు ఆటలోనే కనిపిస్తుంది. ఈ ముక్క మరదలికి నా మాటగా చదివి వినిపించు.

అక్క

---

ఆసుపత్రి, వరండా బెంచీ

అక్కా,

నీ ఉత్తరం చదివి వినిపించాను. ఆ రోజే పెద్ద డాక్టరు దగ్గరికి బయల్దేరింది. అంతకుముందు నేను ఎంత బతిమాలినా కదల్లేదు.

మచ్చ కింద నరం కండకి అంటుకుని ఉండొచ్చని డాక్టరుగారు అన్నారు. తెరిచి విడదీస్తే బాగుపడొచ్చు, ముందు ఇంకొన్నాళ్లు చూద్దామా అని కూడా అడిగారు. ఫిజియో అమ్మాయి పరిగెత్తుకొచ్చి వద్దంది, చెయ్యి బాగుందని డాక్టరుగారితోనే వాదించింది. మీ మరదలు, "వద్దమ్మా, నా చెయ్యి నాకు తెలుసు. రోజూ తగ్గుతోంది. చూస్తూ కూర్చోలేను," అంది. సంతకం ఎడమచేత్తో పెట్టింది.

నిన్న ఆపరేషన్ అయింది. డాక్టరుగారు బయటికి వచ్చి మాస్కు తీశారు. "లోపల ఏమీ లేదండి. ఎక్కడా అంటుకోలేదు. అంతా శుభ్రంగా ఉంది. ఆవిడ చెయ్యి బాగుంది," అన్నారు.

మరి ఎందుకు తెరిచారండీ అని అడిగితే, "ఆవిడ అంత ఖచ్చితంగా చెప్పారు కదా," అన్నారు. ఇప్పుడు కొత్త కోత, కొత్త మచ్చ. బొటనవేలు మళ్లీ పట్టీలో. మొదటిసారి వచ్చినంత సన్నటి పట్టు ఈసారి వస్తుందో రాదో చెప్పలేమన్నారు.

మరి తెడ్డు ఎందుకు లాగలేదక్కా? చెయ్యి బాగుంటే, ఆట బాగుంటే, తెడ్డు ఎందుకు లాగలేదు? పొద్దుట్నుంచి ఈ బెంచీ మీద కూర్చుని ఇదే ఆలోచిస్తున్నాను.

---

రిపేరు షాపు
మంగళవారం

నిన్ను ఏమని పిలుస్తూ మొదలుపెట్టాలో తెలియక అలాగే రాస్తున్నాను.

ఇవాళ షాపుకి ఇద్దరు కుర్రాళ్లు వచ్చారు, పగలబడి నవ్వుతున్నారు. ఏంట్రా అంటే ఫోను నా మొహం ముందు పెట్టారు. నీ ఫొటో. మీ కంపెనీ వాళ్లు వేయించిన ఇంటర్వ్యూ. "దొంగలు తమంతట తామే చెయ్యెత్తారు" అని పెద్ద అక్షరాలు.

చదివాను. నిలబడే చదివాను. తాళం విరగ్గొట్టిన కాపీల్లో లోపలి తాళం అలాగే ఉంటుందట. కొన్ని గంటలు బాగా ఆడనిచ్చి, ఆ తర్వాత రోజుకింత చొప్పున కుడి తెడ్డు బలం తగ్గిస్తూ పోతుందట. ఆడేవాడు తన చెయ్యే బాగాలేదనుకుంటాడట. విసిగిపోయి కుడి తెడ్డు పనిచేయడం లేదని నెట్‌లో ఆట ఆడేవాళ్ల ఫోరంలో ఫిర్యాదు పెడితే, ఆ ఫిర్యాదుతోనే వాడు దొంగని తెలిసిపోతుందట. కుడి చెయ్యే ఎందుకు అని అడిగితే నువ్వు, "ఊరికే తీసుకున్న చెయ్యి అదే కదా" అన్నావట. కుర్రాళ్లు ఆ మాట మళ్లీ మళ్లీ చెప్పుకుని నవ్వారు. వాళ్లని షాపులోంచి వెళ్లగొట్టాను.

నేను ఇప్పుడు చెప్పాల్సింది చెబుతున్నాను. ఆట కొన్నదే, పెట్టె షెల్ఫులోనే ఉంది, అందులో అబద్ధం లేదు. కానీ మీ మరదలు ఆడింది ఆ పెట్టెలోది కాదు. నెట్ పోయినప్పుడల్లా ఏటి మధ్యలో ఆవిడని బయటికి తోసేస్తుంటే చూడలేక, తాళం విరగ్గొట్టిన కాపీ దించి ఎక్కించాను. డబ్బు కట్టేశాను కదా, ఎలా ఆడితే ఏం అనుకున్నాను. నువ్వు "కొన్నదేనా" అని అడిగినప్పుడు కొన్నదే అన్నాను. నువ్వు అడిగినదానికి జవాబు చెప్పాను. నువ్వు అడగాల్సింది ఇంకొకటని నాకెలా తెలుస్తుంది?

నీకు తెలుసు. కుడి తెడ్డు అని రాయగానే నీకు తెలుసు. అందుకే ఆ రెండు ముక్కల ఉత్తరం. "తాళం విరగ్గొట్టిన కాపీ అయితే తెడ్డు దానంతటదే తగ్గుతుంది" అని ఒక్క వాక్యం రాసి ఉంటే ఆవిడ చెయ్యి కోయించుకునేది కాదు. ఒక్క వాక్యం. నీ సంతకం నీకు అంత ఎక్కువైందా?

నేను ఆవిడ పక్కన కూర్చుని, అదే కాపీలో నా పేరుతో కొత్తగా మొదలుపెట్టి, చూడు రెండు తెడ్లూ లాగుతున్నాయి అని చూపించాను. అప్పటికి నాది తగ్గడం మొదలు కాలేదు కదా. నా చేతులతో నేనే రుజువు చేసి పెట్టాను, తప్పు ఆవిడ చేతిదే అని.

ఆవిడకి ఇంకా చెప్పలేదు. ఎలా చెప్పాలి?

---

నా గది
తేదీ తెలియదు

తమ్ముడూ,

నీ ఉత్తరం గుమ్మంలో నిలబడే కవరు చించి చదివాను.

అవును, కుడి తెడ్డు అని చదవగానే లోపలి తాళం గుర్తొచ్చి భయపడ్డాను. అందుకే అడిగాను. రసీదు చూసి ఆ భయం పోగొట్టుకున్నాను. పోవాలని కోరుకున్నాను కాబట్టి తేలిగ్గా పోయింది. కొన్నవాళ్లు కూడా కాపీ ఆడతారని నాకు తట్టలేదు. నువ్వు మొదటి ఉత్తరంలోనే చెప్పావు, కొన్నవాళ్లకే పడుతోందని. తర్వాత నెట్ గొడవ తీరిపోయిందన్నావు. ఎలా తీరిందో ఆలోచించి ఉంటే అప్పుడే తెలిసిపోయేది. నేను మెచ్చుకోలు చదువుకుంటూ కూర్చున్నాను.

మా మేనేజరు దగ్గరికి వెళ్లి జరిగింది చెప్పాను. విన్నాడు. "అయ్యో" అన్నాడు, నిజంగానే అన్నాడు. తర్వాత, "కానీ ఆడింది దొంగ కాపీయే కదా?" అన్నాడు. వాళ్లు డబ్బు కట్టారండీ అన్నాను. "అలాంటప్పుడు కట్టినదాన్నే ఆడాల్సింది," అన్నాడు. ఇంటర్వ్యూ వచ్చాక అమ్మకాలు పెరిగాయి, ఇప్పుడు తీసేస్తే నవ్వులపాలవుతామని కూడా అన్నాడు. నిన్నటిదాకా నేనూ అదే గొంతుతో మాట్లాడేదాన్ని. ఆ మాటలు ఇంకొకరి నోట వినలేక లేచి వచ్చేశాను.

ఆ తర్వాత ఫోరంలో పాత ఫిర్యాదులన్నీ మళ్లీ చదివాను. క్యాంటీన్‌లో మేమంతా కలిసి నవ్వుకుంటూ చదివినవే. ఒకాయన రాశాడు, నాకు వణుకుడు జబ్బు ఉంది, కుడి చెయ్యి మొన్నటిదాకా బాగానే ఉండేది, ఇప్పుడు తెడ్డు లాగడం లేదు, జబ్బు ముదిరిందా లేక ఆటలో లోపమా, దయచేసి చెప్పండి అని. దాని కింద మా వాళ్లు "ముందు డబ్బు కట్టండి, చెయ్యి అదే బాగవుతుంది" అని జవాబు పెట్టారు. దానికి నవ్వు బొమ్మ పెట్టినవాళ్లలో నేనూ ఉన్నాను. ఆయన మళ్లీ రాయలేదు.

లోపలి తాళం తీసేశాను. ఎవరినీ అడగలేదు. కొత్త అప్‌డేట్‌లో కలిపి వదిలేసి, ఎందుకు తీశానో ఫోరంలో నా పేరుతో రాశాను. మధ్యాహ్నానికి నా కార్డు తీసుకున్నారు. ఉద్యోగం పోయిందని నా మీద జాలిపడకు, అందుకు రాయడం లేదు. విరగ్గొట్టిన కాపీలకి అప్‌డేట్లు వెళ్లవు కదా, అవి ఎక్కడున్నవి అక్కడ అలాగే తగ్గుతూ ఉంటాయి. నేను వెనక్కి తీసుకోలేనిది చేశాను.

మరదలికి నువ్వు చెప్పకు. నేనే వచ్చి చెబుతాను. రానిస్తుందా?

అక్క

---

మా ఇల్లు, పడకగది
ఆదివారం

వదినా,

ఎడమచేత్తో రాస్తున్నాను. అక్షరాలు వంకర్లు పోయాయి, సర్దుకుని చదువుకోండి.

ఆయన చెప్పేశారు. మీరు వచ్చేదాకా దాచలేకపోయారు. అన్నం పెట్టుకుని తినకుండా కూర్చుంటే ఏంటండీ అని అడిగాను, అంతే. మీ ఉత్తరాలూ, ఆయన మీకు రాసిన ఉత్తరాల సంగతీ, అన్నీ బయటపెట్టారు. ఆయనవి మీ దగ్గరే ఉన్నాయి కాబట్టి ఏం రాశారో నోటితో చెప్పించుకున్నాను. మీవి నేనే చదివాను.

మొదట నాకేమీ అర్థం కాలేదు. నా చెయ్యి బాగుందా? ఆ రోజుల్లో బాగుందా? ఆయన రెండు మూడు సార్లు చెప్పాల్సి వచ్చింది. అర్థమయ్యాక నేను అరిచిన అరుపుకి పక్కింటివాళ్లు వచ్చారు. ఆయన మీద కంట్రోలర్ విసిరాను. ఎడమచేత్తో విసిరాను, తగల్లేదు.

నాకు కోపం ఉంది. మీ మీదా ఉంది, ఆయన మీదా ఉంది. ఇద్దరూ నాకు మంచి చేస్తూనే చేశారు. ఆయన నేను ఏడవకూడదని కాపీ ఎక్కించారు, మీరు ఎవరి ఉద్యోగమూ పోకూడదని తాళం పెట్టారు. మధ్యలో నా వేలు పోయింది. బేకరీలో నా చోటులో ఇంకో అమ్మాయిని పెట్టుకున్నారు. యజమాని ఇంటికొచ్చి చెప్పి వెళ్లారు, పాపం ఆయన మాత్రం ఎంతకాలం ఆగుతారు?

కానీ వీటన్నిటికంటే నాకు ఒకటి మింగుడుపడటం లేదు. ఫిజియో అమ్మాయి నా ఎదురుగా కూర్చుని, నా బొటనవేలు తన చేతిలో పట్టుకుని, "బాగుందండీ, నొక్కండి, చూశారా," అని ఎన్నిసార్లు చెప్పిందో. నేను వినలేదు. తనకేం తెలుసు అన్నాను. అప్పుడు నా చేతికి నొప్పి లేదు. తలుపు గొళ్లెం తీసేది, జడ వేసేది, గిన్నె పట్టుకునేది. అవన్నీ నాకు కనిపిస్తూనే ఉన్నాయి. అయినా నా చేతిని నేను నమ్మలేదు. ఆట మీరు చేశారు కదా, అది అబద్ధం ఆడదని మీరే చెప్పి పంపారు కదా, దాన్ని నమ్మాను. నా ఒంటికంటే మీ మాట ఎక్కువ నమ్మాను వదినా.

వచ్చే నెల పట్టీ విప్పుతారు. మళ్లీ కదిలించమంటారు, మళ్లీ కొలుస్తారు. బాగుపడుతోందని ఆయన అంటారు, ఆయన ఎలాగూ అదే అంటారు. ఫిజియో అమ్మాయిని నేను అన్న మాటలకి తను మళ్లీ వస్తుందో రాదో. నా చెయ్యి చెప్పేది వినడం నాకు చేతకాకుండా పోయింది. రాత్రీ పగలూ ఇదే భయం, బాగైనా నాకు తెలియదేమోనని.

మీరు రండి. రానిస్తానా అని అడిగారు, రండి. క్షమించమని అడగడానికైతే ఇప్పుడే వద్దు, నాకింకా చేతకాదు. పట్టీ విప్పే రోజుకి రండి. నా ఎదురుగా కూర్చోండి. నా చెయ్యి మీ చేతిలో పెట్టి నొక్కుతాను. ఎంత బలం ఉంటే అంతే చెప్పండి.

తక్కువుంటే తక్కువనే చెప్పండి.

మీ మరదలు